ఎనిమిది పేర్లు, ఒక బ్యాంకు పాస్‌బుక్కు: ఒక 498ఏ కేసు

మా కోర్టు బార్ రూములో 498ఏ కేసుల (భర్త, అత్తింటివాళ్లు హింసిస్తున్నారని పెట్టే కేసుల) మాట వస్తే వెంటనే రెండు జట్లు తయారవుతాయి. ఒకళ్లు "అన్నీ తప్పుడు కేసులే" అంటారు. ఇంకొకళ్లు "ఏ ఆడపిల్లా ఊరికే స్టేషన్ మెట్లెక్కదు" అంటారు. నేను రెండు వైపులా వకాల్తాలు వేసినదాన్ని. ఇప్పుడు రాయబోయే కేసు ఈ రెండు జట్లకూ పనికిరాదు. ఇది తప్పుడు కేసు కాదు, తప్పుగా రాసిన కేసు. అందులో నా తప్పు కూడా కొంత ఉంది.

కేసు అన్ని కోర్టుల్లోనూ ముగిసిపోయింది. కేసు పెట్టినామె సరేనన్నాకే రాస్తున్నాను. ఆమెను పద్మ అనుకుందాం. ఊళ్లు, వృత్తులు, మొత్తాలు మార్చాను. సంవత్సరాలు మాత్రం ఉంచాను, ఎందుకంటే గడువుల లెక్క లేకపోతే ఈ కథలో సగం అర్థం కాదు.

నేపథ్యం

పద్మ వాళ్లది కోస్తాలో మెట్ట ప్రాంతం. తండ్రి రైతు. 2015 మేలో పెళ్లి. నిశ్చితార్థం నాడు 8 లక్షలు నగదుగా ఇచ్చారు. పాతిక కాసుల బంగారం, ఆడపడుచు లాంఛనాలు వేరే. ఇవి కాక పసుపు కుంకుమ కింద 60 సెంట్ల పొలం పద్మ పేర సెటిల్‌మెంట్ దస్తావేజు రాసి రిజిస్టర్ చేయించాడు తండ్రి. ఇన్నిటిలో కాగితం ఉన్నది ఆ పొలానికి ఒక్కదానికే.

అత్తగారిల్లు రెండు పోర్షన్లు. కింద అత్తమామలు, పద్మ, భర్త. పైన బావగారు, తోడికోడలు, వాళ్ల పిల్లలు. పొయ్యి మాత్రం ఒక్కటే, కిందే వండేవాళ్లు. ఈ పొయ్యి సంగతి గుర్తుంచుకోండి, కొన్నేళ్ల తర్వాత ఇదే మాకు అక్కరకొచ్చింది.

బావగారికి ఎరువుల షాపు. 2016కల్లా అది అప్పుల్లో మునిగింది. అప్పటినుంచి ఇంట్లో రోజూ ఒకటే పాట, పద్మ పొలం అమ్మి షాపు నిలబెట్టాలని. అడిగేది అత్తగారు. కొట్టేది భర్త. బావగారు మాత్రం ఒక్క మాట అనడు. కింద గొడవ జరుగుతుంటే మెట్ల మీద కూర్చుని ఫోను చూసుకునేవాడట. చివరికి పొలం అమ్మారు. నోట్ల రద్దయిన కొత్త కాబట్టి కొన్నవాళ్ల దగ్గర రొక్కం లేదు, మొత్తం చెక్కు రూపంలోనే ఇచ్చారు. 2017 జనవరిలో 6 లక్షల 50 వేలు పద్మ ఖాతాలో పడ్డాయి. నాలుగో రోజున అవి బావగారి షాపు ఖాతాకు వెళ్లిపోయాయి.

షాపు మాత్రం నిలబడలేదు. 2018లో దాన్ని మూసేసి బావగారు కుటుంబంతో వేరే ఊరు వెళ్లిపోయాడు. ఈసారి పద్మ తండ్రి ఇంటి స్థలం మీద కన్ను పడింది. ఆ ఏడాది దసరాకు పుట్టింటికి పంపించిన మనిషిని మళ్లీ తీసుకెళ్లలేదు. మూడుసార్లు పెద్దమనుషుల్లో కూర్చున్నారు. ఆ మూడు పంచాయతీల గురించి చెప్పడానికేమీ లేదు, టీ ఖర్చు తప్ప.

ఫిర్యాదు

2019 మార్చిలో పుట్టింటి ఊరి పోలీసు స్టేషన్‌లో ఫిర్యాదు ఇచ్చారు. "గొడవ జరిగింది అక్కడ కదా, అక్కడే ఇవ్వండి" అని మొదట వెనక్కి పంపారు. ఏప్రిల్ 9న సుప్రీంకోర్టు తీర్పు వచ్చింది. భార్య ఆశ్రయం పొందిన చోట కూడా 498ఏ కేసు పెట్టొచ్చని అందులో తేల్చారు. ఏప్రిల్ ఆఖరుకు ఎఫ్ఐఆర్ అయింది: ఐపీసీ 498ఏ, వరకట్న నిషేధ చట్టం 3, 4 సెక్షన్లు.

ఫిర్యాదు రాసింది దూరపు చుట్టం ఒకాయన, రిటైరైన గుమాస్తా. రెండున్నర పేజీల్లో పేజీన్నర పెళ్లి వైభవమే. అసలు విషయం ఒక్క వాక్యంలో ఉంది: "పై ఎనిమిది మందీ కుమ్మక్కై అదనపు కట్నం తెమ్మని నన్ను శారీరకంగా, మానసికంగా చిత్రహింసలకు గురిచేశారు." తేదీ లేదు. ఎవరు ఏమన్నారో లేదు. పొలం మాటే లేదు. భర్త, అత్తగారు, మామగారు, బావగారు, తోడికోడలు, పుణేలో ఉండే ఆడపడుచు, ఆమె భర్త, అత్తగారి తమ్ముడు, ఇలా ఏ1 నుంచి ఏ8 వరకు (ఏ అంటే ముద్దాయి) వరసగా పేర్లున్నాయి.

ఇంతమందిని ఎందుకు రాస్తారని తర్వాత ఆ గుమాస్తాగారినే అడిగాను. "అందరినీ రాస్తేనే దిగొస్తారమ్మా. ఇప్పుడు వదిలేస్తే రేపు చేర్చమంటే చేర్చరు కూడా" అన్నాడు. ఆయన్ని తప్పుపట్టలేను. ఒకప్పుడు ఈ లెక్క పనిచేసింది కూడా. ఎఫ్ఐఆర్ కాగానే ముసలివాళ్లతో సహా అరెస్టు చేసేవాళ్లు, ఆ భయానికి మర్నాడే రాజీకి వచ్చేవాళ్లు. 2014లో అర్నేష్ కుమార్ తీర్పు వచ్చాక ఆ రోజులు పోయాయి. ఏడేళ్ల లోపు శిక్ష పడే నేరాల్లో అరెస్టు ఎందుకు అవసరమో పోలీసులు కారణం రాయాలి, లేకపోతే 41ఏ నోటీసు ఇచ్చి పిలవాలి. పద్మ కేసులోనూ నోటీసులే ఇచ్చారు. ఎవరూ జైలుకు వెళ్లలేదు. "డబ్బు తిని వదిలేశారు" అని పద్మ అన్నయ్య చాలాకాలం స్టేషన్‌ను తిట్టుకున్నాడు. అది చట్టం ప్రకారమే జరిగిందని చెప్పినా నమ్మలేదు.

గుడ్డ సంచి

నా దగ్గరకు వచ్చేసరికి 2019 డిసెంబరు. ఛార్జిషీటు అప్పటికే పడిపోయింది. పద్మ, వాళ్ల నాన్న ఒక గుడ్డ సంచితో వచ్చారు. సంచిలో పెళ్లి ఆల్బమ్, నాన్నగారి పద్దు పుస్తకం, జేబురుమాలులో చుట్టిన పాత ఫోను, బ్యాంకు పాస్‌బుక్కు ఉన్నాయి. ఆల్బమ్ ముందు నా చేతికిచ్చారు. ఎంత ఘనంగా చేశారో నేను చూడాలి కదా! పాస్‌బుక్కు తీసింది నేనే, ఊరికే తిప్పుతుంటే ఒక పేజీలో 6,50,000 డెబిట్ కనిపించింది.

"ఇదేంటమ్మా?"

"అది పొలం డబ్బులండీ. బావగారి షాపు ఖాతాలో వేయించారు."

"పోలీసులకు చెప్పారా ఈ సంగతి?"

"వాళ్లు అడగలేదండీ."

161 స్టేట్‌మెంటు, అంటే పోలీసులు రాసుకున్న పద్మ వాంగ్మూలం, తీసి చూశాను. ఫిర్యాదును దించి రాసుకున్నారు, అక్షరదోషాలతో సహా.

ఫోను సంగతీ అంతే. స్క్రీను పగిలిపోయింది, కానీ ఛార్జింగ్ పెడితే వెలిగింది. 2016 డిసెంబరులో అత్తగారు పంపిన వాట్సాప్ వాయిస్ మెసేజ్ అందులో ఉంది. పదిహేడు సెకన్లు. "ఆ పొలం చెక్క అమ్మి పెద్దోడి చేతిలో పెట్టాకే నువ్వు ఈ గుమ్మం తొక్కేది. మీ నాన్నకి చెప్పు." వెనక కుక్కర్ విజిల్ వినిపిస్తోంది. ఇరవై ఏళ్లలో ఇంత శుభ్రమైన సాక్ష్యం నా చేతికి రావడం చాలా అరుదు. అది ఏడాదిగా బీరువాలో చీరల కింద పడుంది.

నేను చేసిన తప్పు

అప్పుడు చేయాల్సింది ఒకటే. పాస్‌బుక్కు నకలు, దస్తావేజులు, ఫోను వివరాలు జతచేసి, 173(8) కింద తదుపరి దర్యాప్తు కోరుతూ మెజిస్ట్రేటు ముందు పిటిషన్ వేయాలి. విచారణ మొదలయ్యేలోపు మెజిస్ట్రేటు అలా ఆదేశించవచ్చని సుప్రీంకోర్టు ఆ ఏడాది అక్టోబరులోనే చెప్పింది. నాకు ఆ తీర్పు తెలుసు. అయినా వేయలేదు. కేసు మళ్లీ స్టేషన్‌కు వెళితే ఇంకో ఏడాది పోతుంది, బ్యాంకు మేనేజరును సాక్షిగా పిలిపించి ట్రయల్లోనే సాక్ష్యంగా మార్క్ చేయిద్దాంలే అనుకున్నాను. బీరువాలో చీరల కింద పెట్టడానికి, ట్రయల్ దాకా దాచడానికి పెద్ద తేడా ఏముంది?

మూడు నెలలకే లాక్‌డౌన్. అదే ఏడాది ఏ4 నుంచి ఏ8 వరకు ఐదుగురూ తమ మీద కేసు కొట్టేయమని హైకోర్టులో 482 కింద క్వాష్ పిటిషన్ వేశారు. వాళ్ల వరకే స్టే వచ్చింది గానీ, కింద కోర్టులో కేసు మొత్తం వాయిదాల్లో పడింది. క్వాష్‌లో హైకోర్టు చూసేది ఫిర్యాదు, ఛార్జిషీటు, వాటితో ఉన్న స్టేట్‌మెంట్లు. మేం కౌంటర్లో (జవాబు అఫిడవిట్‌లో) పాస్‌బుక్కు పెట్టాం. అవతలి న్యాయవాది లేచి, "ఇది ఛార్జిషీటులో ఉందా? ఫిర్యాదులో ఒక్క ముక్కయినా ఉందా? కేసు బలహీనమని తెలిశాక అల్లిన కథ ఇది" అన్నారు. ఆయన స్థానంలో నేనున్నా అదే అనేదాన్ని.

2021 మొదట్లో ఐదుగురి మీదా కేసు కొట్టేశారు. 2010లో ప్రీతీ గుప్తా, 2012లో గీతా మెహ్రోత్రా, 2018లో తెలంగాణ నుంచి వెళ్లిన మరో కేసు, అన్నిటిలోనూ సుప్రీంకోర్టు చెప్పింది ఒకటే. భర్త బంధువుల మీద నిర్దిష్టమైన ఆరోపణ లేకుండా, గంపగుత్తగా పేర్లు రాస్తే వాళ్లను విచారణకు లాగకూడదు. తీర్పులో తప్పు లేదు. పుణే ఆడపడుచు ఆ మూడేళ్లలో పద్మ అత్తగారింట్లో ఉన్నది మహా అయితే ఇరవై రోజులు. ఆమె విడుదల కావాల్సిందే. కానీ అదే వాక్యంలో ఉన్నందుకు, ఆరున్నర లక్షలు మింగిన బావగారూ ఆమె కొంగు పట్టుకుని బయటపడ్డాడు.

ఆ రోజు పద్మకు ఫోన్ చేసి చెప్పడం నాకు చాలా కష్టమైంది. ఆమె ఏడవలేదు. "అంటే ఆయన డబ్బు తీసుకోలేదని కోర్టు అందా మేడం?" అని అడిగింది. అలా అనలేదమ్మా, తీసుకున్నాడని మనం రాయలేదని అంది, అని చెప్పాను.

మూడు దారులు

సుప్రీంకోర్టుకు వెళదామని అన్నయ్య పట్టుబట్టాడు. నేను వద్దన్నాను. అక్కడ చూసేదీ ఆ ఫిర్యాదునే, ఆ వాక్యం ఢిల్లీ వెళ్లినంత మాత్రాన మారదు. పైగా ఖర్చు. రెండో దారి, ట్రయల్లో పద్మ సాక్ష్యం అయ్యాక 319 కింద బావగారిని మళ్లీ ముద్దాయిగా పిలిపించడం. హైకోర్టు కొట్టేసిన మనిషిని పిలవమంటే ముందు ఆ ఆర్డరునే దాటాలి, దానికోసం మళ్లీ హైకోర్టు చుట్టూ రెండేళ్లు. సరే, డబ్బు కోసం సివిల్ దావా వేద్దామంటే గడువు దాటింది. బదిలీ జరిగింది 2017 జనవరిలో, మూడేళ్లు 2020 జనవరికే పూర్తి. కోవిడ్ వల్ల గడువుల లెక్కలోంచి సుప్రీంకోర్టు మినహాయించిన కాలం 2020 మార్చి 15 నుంచి మొదలవుతుంది. రెండు నెలల తేడాలో ఆ అవకాశమూ పోయింది.

మిగిలింది గృహహింస చట్టం. మా వైపు చాలామంది న్యాయవాదులు దీన్ని 498ఏకు తోకలాగా చూస్తారు. నాకూ కొంతవరకు ఆ అలవాటే ఉండేది. పద్మకు కావాల్సింది ఏమిటని ఒక కాగితం మీద రాయించినప్పుడు నా ఆలోచన మారింది. ఆమె రాసినవి మూడు: పొలం డబ్బు, బంగారం, నెలనెలా బతకడానికి కొంత. "జైలు" అని రాయలేదు. జైలు కావాల్సింది అన్నయ్యకు. ఆ మూడూ క్రిమినల్ కేసులో గెలిచినా రావు. గృహహింస చట్టం 19(8) కింద స్త్రీధనం తిరిగివ్వమని మెజిస్ట్రేటు ఆదేశించవచ్చు, 20 కింద భరణం ఇప్పించవచ్చు. బావగారిని ప్రతివాదిగా చేర్చాలంటే పద్మతో ఒకే ఇంట్లో ఉమ్మడి కుటుంబంగా ఉన్నాడని చూపించాలి. పైన వేరే పోర్షన్ అని వాళ్లు అంటారని తెలుసు. అందుకే పొయ్యి. గ్యాసు కనెక్షన్ ఒక్కటే, మామగారి పేరు మీద. రేషన్ కార్డు ఒక్కటే, అందులో అందరి పేర్లూ ఉన్నాయి.

ఈసారి పిటిషన్‌లో ముగ్గురే: భర్త, అత్తగారు, బావగారు. పెళ్లి వైభవం గురించి రెండు లైన్లు. ఆ తర్వాత వరసగా తేదీలు, దస్తావేజు నంబరు, చెక్కు, బదిలీ, వాయిస్ మెసేజ్. రాసేటప్పుడు పద్మను ఒక్కటే అడిగేదాన్ని: "ఆ రోజు ఎవరున్నారు, ఏమన్నారు, తర్వాత నువ్వేం చేశావు?" గుర్తులేనివి వదిలేశాం.

ఆడపడుచుకు ఫోను

బదిలీ సంగతి ఇంట్లో అందరికీ తెలుసునని చెప్పే సాక్షి కావాలి. అప్పుడు పద్మ ఒక మాట చెప్పింది. పొలం అమ్మే రోజుల్లో పుణే ఆడపడుచు వాళ్లమ్మతో ఫోన్లో గొడవపడిందట, "వదిన పొలం మీకెందుకమ్మా, అన్నయ్య అప్పు అన్నయ్య తీర్చుకోడా" అని. పద్మ పక్కనే ఉండి విన్నది.

ఇన్నాళ్లుగా నా దగ్గరకు వస్తూ ఇప్పుడా చెప్పేది అని కోపం వచ్చింది. కానీ నేనెప్పుడు అడిగాను? ఏ6 అని నా ఫైల్లో ఒక నంబరు తప్ప ఆమె గురించి నాకేమీ తెలియదు.

పద్మే ఆమెకు ఫోన్ చేసింది. ఆమె తిట్టలేదు. చంటిపిల్లను ఎత్తుకుని పుణే నుంచి రెండుసార్లు స్టేషన్‌కు, ఒకసారి కోర్టుకు వచ్చానని చెప్పింది. ఆమె భర్త ఆఫీసులో ప్రమోషన్ అప్పుడు పెండింగ్ కేసు ఉందని రాయాల్సి వచ్చిందట. "నన్ను ముద్దాయిని చేశారు కదా వదినా. ఇప్పుడు సాక్షిగా రమ్మంటే మా ఆయనకు ఏమని చెప్పను?" అని పెట్టేసింది.

మాకు సాక్షి కావాల్సిన మనిషిని మేమే ముద్దాయిని చేసుకున్నాం. ఈ కేసులో నన్ను ఇప్పటికీ తొలిచేది బావగారి విడుదల కంటే ఇదే.

ఏది పనిచేసింది

మధ్యంతర భరణం అడిగాం కాబట్టి, 2020 నవంబరులో రజనేష్ కేసులో సుప్రీంకోర్టు చెప్పిన ప్రకారం ఇద్దరూ ఆస్తులు, అప్పుల అఫిడవిట్లు వేయాలి. భర్త తన ఆదాయం తక్కువ చూపించే తొందరలో ఉన్నాడు. పద్మ చేతిలో డబ్బుంది, ఆమెకు భరణం అక్కర్లేదని చూపించాలనుకున్నాడు. అందుకని ఇలా రాశాడు: "పిటిషనరుకు పొలం అమ్మిన సొమ్ము రూ.6,50,000 వచ్చినది. దానిని ఆమె స్వచ్ఛందముగా మా అన్నగారి వ్యాపారమునకు చేబదులుగా ఇచ్చినది."

ఆ లైను రెండుసార్లు చదివి ఫైలు మూసి పద్మకు ఫోన్ చేశాను. స్వచ్ఛందమో కాదో తర్వాత సంగతి. డబ్బు పద్మది, అది బావగారికి చేరింది, ఈ రెండూ భర్తే ఒప్పుకున్నాడు. ఒప్పుకున్నదాన్ని మళ్లీ రుజువు చేయక్కర్లేదు. స్త్రీధనం భార్య సొంత ఆస్తి అని, దాన్ని వాడుకున్న భర్తకు గానీ అత్తింటివాళ్లకు గానీ హక్కు పుట్టదని 1985 నుంచీ సుప్రీంకోర్టు చెబుతూనే ఉంది. చేబదులని వాళ్లే అంటుంటే, తిరిగివ్వాల్సిందేనని కూడా వాళ్లే అన్నట్టు.

వాళ్లకు మిగిలిన వాదన గడువు. ఏడాదిలోపు రాలేదు కాబట్టి గృహహింస పిటిషన్ చెల్లదన్నారు. మా అదృష్టం కొద్దీ 2022 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఆ ముడి విప్పేసింది. సెక్షన్ 12 పిటిషన్‌కు ఆ ఏడాది గడువు వర్తించదు, కోర్టు ఇచ్చిన ఉత్తర్వును ఉల్లంఘించిన నేరానికే ఆ లెక్క అని చెప్పింది. అరవై రోజుల్లో తేల్చడానికి ప్రయత్నించాలని చట్టంలో ఉన్న పిటిషన్ పదిహేడు నెలలకు తేలింది. 2022 డిసెంబరులో ఉత్తర్వు వచ్చింది: ఆరున్నర లక్షలు భర్త, బావగారు కలిసి తిరిగివ్వాలి, బంగారం జాబితా ప్రకారం అప్పగించాలి, నెలకు 9 వేలు భరణం. సెషన్స్ కోర్టులో అప్పీలు వేశారు, అదీ పోయింది.

8 లక్షల కట్నం మాత్రం రాలేదు. పద్దు పుస్తకంలో పెన్సిలుతో "నిశ్చయం నాడు 8" అని ఉంది, అంతే. పుచ్చుకున్నవాళ్లు ఎవరో, పక్కన ఎవరున్నారో లేదు.

మామగారి విషయం

ఈలోగా మిగిలిన ముగ్గురి మీద 498ఏ ట్రయల్ మొదలైంది. పద్మ చీఫ్‌కు (మా వైపు నుంచి అడిగితే బోనులో చెప్పే మొదటి సాక్ష్యానికి) ముందు రోజు సాయంత్రం నా ఆఫీసులో కూర్చుని అంది, "మామయ్యగారు నన్నెప్పుడూ ఏమీ అనలేదు మేడం. నేను వచ్చేసిన రోజు బస్సుకు డబ్బులిచ్చింది ఆయనే. స్టాండు దాకా వచ్చి సంచి పైకి అందించాడు."

ఛార్జిషీటులో ఆయన ఏ3. 161 స్టేట్‌మెంటులో "అందరూ కొట్టారు" అని ఉంది. బోనులో ఆయన కొట్టలేదంటే ఆ స్టేట్‌మెంటుకు విరుద్ధం, డిఫెన్సు దాన్ని పట్టుకుంటుంది. అందుకే ఏపీపీగారు (ప్రభుత్వ న్యాయవాది) వెనకాడారు. అన్నయ్య అయితే "ముసలాయన్ని వదిలితే మనం మెత్తబడ్డామనుకుంటారు" అన్నాడు. ప్రాసిక్యూషన్ నడిపేది ఏపీపీ, నేను పక్కనుండి సాయం చేసేదాన్ని మాత్రమే. ఆయనకు నేను చెప్పింది ఇది. కొట్టాడని చెబితే అది అబద్ధం, మనం చెప్పించకూడదు. అది పక్కన పెట్టినా, డిఫెన్సు న్యాయవాది మొదటి ప్రశ్న మామగారి మీదే అడుగుతారు. క్రాస్‌లో, అంటే అవతలి న్యాయవాది ప్రశ్నల్లో, లాగితే బయటపడ్డ నిజానికి, చీఫ్‌లో తనంతట తాను చెప్పిన నిజానికి జడ్జి దగ్గర విలువ వేరు. వైరుధ్యం ఎటూ తప్పదు. అది మనకు అనుకూలంగా ఉండే చోట రానిద్దాం.

పద్మ బోనులో చెప్పింది: "ఫిర్యాదు రాసినాయన అందరి పేర్లూ రాశాడు, నేను సంతకం పెట్టాను. మా మామగారు నన్ను ఏమీ అనలేదు." ఏ3 స్థానంలో నిలబడ్డ ఆయన కండువాతో ముఖం తుడుచుకున్నాడు. తర్వాత పాత ఫోను నేరుగా కోర్టులో దాఖలు చేసి పదిహేడు సెకన్లూ వినిపించింది. ఫోను సొంతదారే వచ్చి అసలు పరికరాన్ని చూపిస్తే 65బి సర్టిఫికెట్ (ఎలక్ట్రానిక్ నకలుకు జతచేసే ధ్రువపత్రం) అక్కర్లేదని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది కాబట్టి ఆ చిక్కు రాలేదు. కుక్కర్ విజిల్ దగ్గర మెజిస్ట్రేటు తలెత్తి చూశారు.

క్రాస్‌కు వాయిదా అడిగారు. ఆ వాయిదాలోపే రాజీ కబురు వచ్చింది.

రాజీలో చాలామందికి తెలియని చిక్కొకటి ఉంది. పాత సీఆర్‌పీసీకి (క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌కు) 2003లో చేసిన రాష్ట్ర సవరణ వల్ల మన దగ్గర 498ఏను కోర్టు అనుమతితో రాజీ చేసుకునే వీలుండేది, అయితే అడిగినప్పటినుంచి మూడు నెలలు ఆగాల్సి ఉండేది. వరకట్న నిషేధ చట్టం కేసు మాత్రం రాజీకి వీల్లేనిది, ఆ చట్టం సెక్షన్ 8 అలా అంటుంది. కాబట్టి 498ఏను కింది కోర్టులో ముగించినా 3, 4 సెక్షన్లు మెడమీద ఉంటాయి. ఇద్దరూ కలిసి హైకోర్టుకు వెళ్లి మొత్తం క్వాష్ చేయించుకున్నారు. పరస్పర అంగీకారంతో విడాకులు అయ్యాయి. సొమ్ము డీడీల రూపంలో చేతికొచ్చాకే పద్మ అఫిడవిట్ మీద సంతకం పెట్టింది, ఆ వరస మాత్రం నేను మార్చనివ్వలేదు.

బంగారం నా ఆఫీసులోనే తూకం వేయించాం. కంసాలి చిన్న తక్కెడ తెచ్చుకున్నాడు. పాతికలో పంతొమ్మిది కాసులు వచ్చాయి, మిగిలినవి కుదువలో పోయాయని వాటి వెల కట్టారు. మూటలో రెండు గాజులు జాబితాలో లేనివి ఉన్నాయి. పద్మ వాటిని వేలితో పక్కకు జరిపి, "ఇవి అత్తయ్యగారివి" అంది. అత్తగారు తీసుకుని పర్సులో వేసుకుంది. ఇద్దరూ ఒకరి ముఖం ఒకరు చూసుకోలేదు.

ఇప్పుడు నేను మార్చుకున్నవి

2024 జూలై 1 నుంచి జరిగే నేరాలకు 498ఏ స్థానంలో బీఎన్‌ఎస్ (ఐపీసీ బదులు వచ్చిన చట్టం) 85, 86 వచ్చాయి, 41ఏ నోటీసు బీఎన్‌ఎస్‌ఎస్ (సీఆర్‌పీసీ బదులు వచ్చింది) 35(3) అయింది, క్వాష్ 528 అయింది. నంబర్లు మారినా లెక్క అదే. అదే ఏడాది డిసెంబరు 10న తెలంగాణ నుంచి వెళ్లిన ఒక కేసులో సుప్రీంకోర్టు భర్తతో సహా అందరి మీదా కేసు కొట్టేసింది. ఆ తీర్పును చూపించి చట్టమే చచ్చిపోయిందనేవాళ్లున్నారు. నిజంగా హింస పడ్డ స్త్రీ నోరు మూసుకోవాలని తమ ఉద్దేశం కాదని అదే తీర్పులో ఉంది. ఆ పేరా ఎవరూ ఫార్వర్డ్ చేయరు.

ఎవరైనా వస్తే ఇప్పుడు ముందు ఆల్బమ్ పక్కన పెట్టి ఫోను, పాస్‌బుక్కు అడుగుతాను. ఫోను మార్చొద్దు, ఎక్స్ఛేంజికి ఇవ్వొద్దు అని మొదటి రోజే చెబుతాను. ఫిర్యాదుకు ముందు ఒక తెల్లకాగితం ఇస్తాను. ఎడమవైపు పేర్లు, ప్రతి పేరు ఎదురుగా ఒక తేదీ, ఆ రోజు ఆ మనిషి చేసిన పని. ఫిర్యాదు అప్పటికే ఇచ్చేసి ఉంటే, బయటపడ్డ ప్రతి కాగితాన్నీ ఛార్జిషీటుకు ముందే పోలీసులకు రాతపూర్వకంగా ఇప్పించి రసీదు తీసుకుంటాను. ట్రయల్లో చూద్దాంలే అనే మాట నా నోట రావడం లేదు.

మొన్నామధ్య ఒక పెద్దాయన కూతురి కోసం వచ్చాడు. తొమ్మిది పేర్లతో ఫిర్యాదు రాయించుకునే వచ్చాడు. తెల్లకాగితం ఇచ్చి వరండాలో కూర్చోబెట్టాను. గంటకు లోపలికొచ్చాడు. మూడు పేర్ల ఎదురుగా తేదీలున్నాయి, ఆరు ఖాళీ. ఆ ఆరింటిలో చిన్న ఆడపడుచు పేరు చూపించి, ఈ అమ్మాయి మీ అమ్మాయితో మాట్లాడుతుందా అని అడిగాను.

"రోజూ ఫోన్ చేస్తుందండీ" అన్నాడు.